కెమెరా ఏ ఎత్తున నిలబడాలి

(పి.వి. సతీష్ గారి స్మృతిలో మొగుడంపల్లిలో చేసిన ఉపన్యాసానికి అచ్చు ప్రతి)



ఈ ఉపన్యాసం మొగుడంపల్లిలో పెడుతున్నామని చెప్పగానే హైదరాబాద్ మిత్రుడొకాయన "అంత మారుమూలకు ఎవరొస్తారండీ?" అన్నాడు. చెడ్డ మనసుతో అన్నది కాదు. కానీ ఆ మాట దారి పొడుగునా నా వెంటే వచ్చింది, ఎందుకంటే నేనూ దాన్ని ముప్పై ఏళ్లుగా వాడుతున్నాను. నేను తీసిన డాక్యుమెంటరీల్లో సగానికి వ్యాఖ్యానం "మారుమూల పల్లెలో" అనే మొదలవుతుంది. ఒక చోటును మూల అనాలంటే ముందు మనం నడిమింట్లో నిలబడి ఉండాలి. నడిమింట్లో నేనున్నాననీ మీరు మూలన ఉన్నారనీ ఎవరు కొలిచి చెప్పారు? ఇక్కడి నుంచి ఒక దారి జహీరాబాద్‌కూ, అటునుంచి ముంబై రోడ్డుకూ పోతుంది. ఇంకో దిక్కు నడిస్తే కర్ణాటక, చించోళి తాలూకా. అంగట్లో నిలబడితే తెలుగు, కన్నడ, ఉర్దూ, లంబాడీ ఒక్క బేరంలోనే వినిపిస్తాయి. నాలుగు భాషలు కలిసే చోటు మూల ఎట్లా అవుతుంది? 2016లో జిల్లాలు విడదీసినప్పుడు మొగుడంపల్లి మండలమైంది, మెదక్ జిల్లా పోయి సంగారెడ్డి జిల్లా వచ్చింది. కాగితం మీద ఆఫీసు దగ్గరికి జరిగింది. ఊరు మాత్రం ఎప్పటి చోటనే ఉంది.

దూరాన ఉన్నవాళ్లు అని మనం అనుకునేవాళ్ల బతుకును బొమ్మగా తీసేటప్పుడు కెమెరాను ఏ ఎత్తున నిలబెట్టాలి? ఈ సాయంత్రం నేను మాట్లాడదలచుకున్నది ఈ ఒక్క ప్రశ్న గురించే. చూడటానికి ఇది పనివాడి ప్రశ్న, స్టాండు కాళ్లు ఎంత సాగదీయాలన్న లెక్క. దీనికి నాకు దొరికిన గట్టి జవాబు నేను చదివిన పుస్తకాల్లో లేదు. ఇదే జహీరాబాద్ ప్రాంతంలో, పస్తాపూర్‌లో, బడి మొహం చూడని ఆడవాళ్ల దగ్గర ఉంది. ఆ ఆడవాళ్ల చేతికి కెమెరా అందడానికి కారణమైన మనిషిని తలుచుకోవడానికే మనం ఇక్కడ కూడినాం.

సతీష్ గారిది మైసూరు. 1945 జూన్ 18న పుట్టారు. ఢిల్లీలోని ఇండియన్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ మాస్ కమ్యూనికేషన్‌లో చదివి, పత్రికల్లో పనిచేసి, ఆ తరువాత దూరదర్శన్‌లో చాలా ఏళ్లు పల్లెల కోసం కార్యక్రమాలు తీశారు. 1975 ఆగస్టు నుంచి 1976 జూలై దాకా ఈ దేశంలో ఒక పెద్ద ప్రయోగం జరిగింది. అమెరికావాళ్ల ఏటీఎస్-6 ఉపగ్రహాన్ని ఏడాదిపాటు వాడుకుని 6 రాష్ట్రాల్లోని సుమారు 2,400 పల్లెలకు టీవీ బొమ్మను నేరుగా పంపారు. అందులో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ కూడా ఉంది. దాన్ని పొట్టిగా "సైట్" అనేవాళ్లు. కోళ్ల గూటి జాలీలాంటి తీగ వలతో అల్లిన పెద్ద గొడుగు ఆంటెన్నా, దాని కింద ఊరంతటికీ ఒక్కటే టీవీ, చుట్టూ ఊరు. ఆ ప్రయోగంలో సతీష్ గారు ముఖ్యమైన పాత్ర పోషించారు. కరెంటు సరిగా లేని ఊళ్లకు ఆకాశం నుంచి బొమ్మ దిగిరావడం చిన్న సంగతి కాదు. కానీ ఆ బొమ్మకు ఒకటే దారి ఉండేది: పైనుంచి కిందికి. ఎరువు ఎట్లా వేయాలో, పిల్లలకు ఏం తినిపించాలో పట్నం చెప్పేది, పల్లె వినేది. పల్లె తిరిగి ఒక మాట అనాలంటే ఆ గొడుగులో అందుకు వీలు లేదు.

1983లో ఆయన, కొందరు మిత్రులు కలిసి డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీని మొదలుపెట్టారు. ఆ పేరు మీలో చాలామందికి కొత్త కాదు, మీ ఇంటి అమ్మమ్మలకు అసలే కాదు. సుమారు 75 ఊళ్లలో, దాదాపు 5,000 మంది ఆడవాళ్లు, అందులో ఎక్కువమంది దళితులు, సంఘాలుగా కూడారు. పడావు పడ్డ భూములను మళ్లీ దున్నారు. జొన్న, సజ్జ, కొర్ర, సామ, కంది, అనుము ఒకే చేనులో కలిపి వేశారు. 1990ల నడుమ ఊరి గింజలతో ఊరికే రేషన్ నడుపుకున్నారు. రేషను దుకాణంలో బియ్యం ఇచ్చే రోజుల్లో జొన్నలు కొలిచి పంచిన సంఘాలవి. ఈ చరిత్ర చెప్పడానికి నాకన్నా అర్హులు ఈ సభలోనే ఉన్నారు కాబట్టి దాన్ని ఇంతటితో వదిలి కెమెరా దగ్గరికి వస్తాను.

1990ల రెండో సగంలో సంఘాల ఆడవాళ్లకు వీడియో నేర్పడం మొదలైంది. కూలికి పోయే చేతులు, కలుపు తీసే చేతులు కెమెరా పట్టాయి. అక్షరం రాకపోతే ఎట్లా నేర్చుకుంటారని అప్పట్లో చాలామంది అడిగారు. ఆ ప్రశ్నలోనే ఒక తప్పు ఉంది. బొమ్మ చదవడానికి అక్షరం అక్కర్లేదు. మబ్బు రంగు చూసి వాన చెప్పేవాళ్లు, ఆకు ముడత చూసి తెగులు చెప్పేవాళ్లు, గింజ కొరికి చూసి విత్తనానికి పనికొస్తుందో లేదో తేల్చేవాళ్లు, చూపుతో బతికినవాళ్లు. కన్ను వాళ్లకు ఎప్పుడో తయారై ఉంది. నేర్చుకోవాల్సింది మీటలు మాత్రమే.

ఆ పాఠాల్లో షాట్ల సంగతి వచ్చింది. కెమెరా పైనుంచి కిందికి చూస్తే ఒక షాట్, కింది నుంచి పైకి చూస్తే ఒకటి, కంటికి కన్ను సమంగా చూస్తే ఒకటి. మేం చదువుకున్నవాళ్లం వీటికి ఇంగ్లీషు పేర్లు బట్టీపట్టినవాళ్లం. ఈ ఆడవాళ్లు ఆ పేర్లు పక్కనపెట్టి తమ పేర్లు తాము పెట్టుకున్నారు. పైనుంచి కిందికి చూసేది పటేల్ షాట్. పటేలు అరుగు మీద కూర్చుని కింద నిలబడ్డ కూలిని చూసే చూపు అది. కింది నుంచి పైకి చూసేది బానిస షాట్. నేల మీద కూర్చున్న జీతగాడు తలెత్తి చూసే చూపు. ఇద్దరి కళ్లూ ఒకే ఎత్తున ఉంటే అది సంఘం షాట్. సంఘంలో అందరూ గుండ్రంగా ఒకే చాప మీద కూర్చుంటారు కాబట్టి.

ఈ మూడు పేర్ల గురించి దేశవిదేశాల్లో చాలా వ్యాసాలు వచ్చాయి. వాటిని మెచ్చుకుంటూ ఊరుకోవడం తేలిక. నాకు మాత్రం ఇవి విన్న రోజు నిద్ర పట్టలేదు. నేను అప్పటిదాకా తీసిన బొమ్మలన్నీ ఒక్కొక్కటే కళ్లముందుకు వచ్చాయి. బావి దగ్గర నీళ్లు చేదే ఆడమనిషిని గట్టు మీదినుంచి తీశాను. కూలి డబ్బు లెక్కపెట్టే చేతులను భుజం పైనుంచి తీశాను. బొమ్మ బాగుంటుందని తీశాను. ఆ బాగు వెనుక ఒక అరుగు ఉందని, దాని మీద నేను కూర్చున్నానని నాకు ఎవరూ చెప్పలేదు. ఎత్తు అనేది అందం లెక్క అని మాకు నేర్పారు. ఆ ఎత్తుకు కులం ఉందని, కూలి ఉందని, భూమి పట్టా ఉందని ఆ మూడు పేర్లు నేర్పాయి.

ఇక్కడ నా తప్పు ఒకటి చెప్పుకోవాలి. అది ఈ మండలంలోనే జరిగింది కాబట్టి ఇక్కడే చెప్పుకోవాలి.

1998 చలికాలంలో ఒక సంస్థ కోసం ఈ పక్క ఊరొకదానిలో రెండు రోజులు షూటింగ్ చేశాను. పాత విత్తనాలు దాచుకునే పద్ధతి మీద సినిమా. ఒక పెద్దామె ఇంట్లో పేడతో అలికిన బుట్టలు, కుండలు, బూడిద కలిపి వేపాకు పరిచి దాచిన గింజలు ఉన్నాయి. ముందురోజు మాట్లాడుకుని మరునాడు పొద్దున వెళ్లాం. ఆమె తలకు నూనె రాసుకుని, బొట్టు పెట్టుకుని, కొత్త ఆకుపచ్చ నైలాన్ చీర కట్టుకుని గడప దగ్గర నిలబడి ఉంది. కూతురు పండక్కి తెచ్చిన చీర. దాన్ని చూసి నేను ఏమన్నానో నాకు మాటమాటా గుర్తుంది. "అమ్మా, రోజూ కట్టుకునే పాత చీర కట్టుకో, ఇది ఊరి లెక్క కనిపిస్తలేదు" అన్నాను. ఆమె ఏమీ అనలేదు. లోపలికి పోయి మార్చుకుని వచ్చింది. ఆ రోజంతా ఆమె ముఖంలో ముందురోజు ఉన్న వెలుగు లేదు. నేను దాన్ని పల్లె గాంభీర్యం అనుకుని దగ్గరగా తీశాను. సినిమా ఢిల్లీలో వేశారు, చప్పట్లు వచ్చాయి. ఆమెకు చూపించాలన్న ఆలోచన నాకు రాలేదు.

ఆమె తన ఇంటికి వచ్చే కెమెరాను పండగకు వచ్చిన చుట్టంగా ఎంచింది. నేను ఆమెను పేదరికానికి బొమ్మగా ఎంచాను. ఆ షాట్ కంటికి కన్ను సమంగానే తీశాను, స్టాండు ఎత్తులో ఏ లోపమూ లేదు. అయినా అది పటేల్ షాటే. స్టాండును దించినంత మాత్రాన మనిషి దిగడు. సతీష్ గారితో ఒకసారి ఈ సంగతి చెప్పి ఉంటే బాగుండేది. చెప్పలేదు. 2023 మార్చి 19న ఆయన పోయారన్న వార్త విన్నప్పుడు ముందుగా గుర్తొచ్చింది ఈ చెప్పని మాటే.

నా తప్పుకు పెద్ద వంశవృక్షమే ఉంది. డాక్యుమెంటరీకి తాత అని అందరూ చెప్పే రాబర్ట్ ఫ్లాహర్టీ 1922లో కెనడా మంచు సీమలోని ఇన్యూట్ జనం మీద "నానూక్ ఆఫ్ ది నార్త్" అనే సినిమా తీశాడు. ప్రపంచమంతా చూసింది. అందులో నానూక్ అని చూపించిన మనిషి అసలు పేరు అలకరియలక్. అప్పటికే తుపాకీతో వేటాడే మనిషి చేతికి పాత బల్లెం ఇచ్చి వేటాడించారు. మంచు ఇంట్లో వెలుతురు చాలక, కెమెరా కోసం సగం కోసేసిన ఇల్లు కట్టించారు. కుటుంబం ఆ చలిలో పైకప్పు లేని సగం ఇంట్లో నిద్రపోతున్నట్టు నటించింది. వాళ్ల తాతల బతుకును వాళ్ల చేత మళ్లీ బతికించి, ఇదే వీళ్ల నేటి బతుకని లోకానికి చూపించాడు. ఆ తుపాకీ, నా ఆకుపచ్చ చీర ఒకటే. మనం వెళ్లిన చోట కాలం ఆగిపోయి ఉండాలని కోరుకుంటాం. ఆగకపోతే ఆపి తీస్తాం.

అదే కెనడాలో దీనికి విరుగుడు కూడా పుట్టింది. 1967లో ఫోగో అనే చేపలవాళ్ల దీవికి కోలిన్ లో అనే దర్శకుడు కెమెరా తీసుకుపోయాడు. ఆ దీవి ఖాళీ చేయించి జనాన్ని వేరేచోటికి తరలించాలన్న ఆలోచన నడుస్తున్న రోజులు. ఆయన ఒక పెద్ద సినిమా తీయకుండా ఒక్కో ఊరి మాటను ఒక్కో చిన్న సినిమాగా తీసి, ముందు వాళ్లకే వేసి చూపించాడు. ఒక ఊరు ఇంకో ఊరి మాట వింది. ఆ తరువాత పాలకులకు చూపించారు, వాళ్ల జవాబునూ తీసుకొచ్చి దీవిలో వేశారు. అంటే బొమ్మ తిరిగి వెళ్లడానికి దారి వేశారు. సైట్ గొడుగులో లేనిది ఆ దారే.

మన నేల మీద చూస్తే, నిజాం రాజ్యంలో హైమెన్‌డార్ఫ్ అనే మానవశాస్త్రవేత్త చెంచుల దగ్గర, గోండుల దగ్గర ఉండి రాశాడు, ఫొటోలు తీశాడు, ఫిల్మూ తీశాడు. పాత ఆదిలాబాద్ జిల్లా మార్లవాయిలో ఆయనను ఇప్పటికీ తలుచుకుంటారు. ఆయన భార్య బెట్టీ సమాధి అక్కడే ఉంది. ఏళ్లకేళ్లు అక్కడ బతికి, వాళ్ల భూముల కోసం సర్కారుతో మాట్లాడిన మనిషి కాబట్టి ఆ గౌరవం దక్కింది. కానీ ఆయన బొమ్మలు ఎక్కువగా లండన్‌లో ఉన్నాయి. మన పాత మెదక్ జిల్లా ప్రజ్ఞాపూర్‌లో పుట్టిన బి. నర్సింగరావు "మా ఊరు" తీశారు. ఆ పేరు వినండి: మా ఊరు. "ఒక ఊరు" కాదు. తెలంగాణ పల్లె మీద వచ్చిన బొమ్మల్లో నేను ఎన్నోసార్లు తిరిగి వెళ్లి చూసేది దాన్ని. దాని బలమంతా ఆ "మా" అనే మాటలో ఉందని నా నమ్మకం. అయినా ఆ ఊరి నుంచి వెళ్లి కళాకారుడై తిరిగివచ్చిన మనిషి చూపు అది. ఊళ్లోనే ఉండి, రేపు పొద్దున మళ్లీ అదే చేనుకు కలుపుకు పోవాల్సిన మనిషి తీసిన బొమ్మ ఎట్లా ఉంటుందో చూడాలంటే పస్తాపూర్ రావాల్సిందే.

2001లో కమ్యూనిటీ మీడియా ట్రస్ట్ పేరుతో ఆ ఆడవాళ్ల పని ఒక రూపానికి వచ్చింది. అదే ఏడాది జూన్ చివర ఈ జిల్లాలో "ప్రజాతీర్పు" జరిగింది. అప్పటి ప్రభుత్వం మెకిన్సీ కంపెనీ సాయంతో రాయించుకున్న విజన్ 2020 మీద చిన్నసన్నకారు రైతులు, ఎక్కువమంది ఆడవాళ్లు, జ్యూరీగా కూర్చుని తీర్పు చెప్పారు. వందల పేజీల పత్రాన్ని వాళ్ల ముందు ఎట్లా పెట్టాలి? రేపటి వ్యవసాయం మూడు రకాలుగా ఎట్లా ఉండొచ్చో వీడియో బొమ్మలుగా చూపించారు. చూసి, నిపుణులను పిలిచి అడిగి, యంత్రాలతో పల్లె నుంచి జనాన్ని ఖాళీ చేసే దారి మాకొద్దని చెప్పారు. ఏది మేలో ఎవరి మాట గెలవాలో ఎవరైనా వాదించుకోవచ్చు. పల్లె ఆడవాళ్లకు బొమ్మ చూపించి నేర్పడం కాకుండా బొమ్మ చూపించి తీర్పు అడగడం అప్పుడు జరిగింది. నాకు ముఖ్యం అది.

తరువాత పత్తి. 2002 మార్చిలో దేశంలో బీటీ పత్తికి అనుమతి వచ్చింది. వరంగల్ వైపు రైతులు వేశారు. పస్తాపూర్ ఆడవాళ్లు కెమెరా పట్టుకుని అటు వెళ్లారు. మా లాంటివాళ్లం ఎట్లా తీస్తాం? పంట పోయిందని పేపర్లో వచ్చాక పోతాం, ఏడ్చే ముఖం వెతుకుతాం, రెండు రోజుల్లో తిరిగొస్తాం. వీళ్లు పంటతోపాటు నడిచారు. విత్తు పడ్డప్పుడు పోయారు, పూత మీద పోయారు, కాయ మీద పోయారు, ఏరేటప్పుడు పోయారు. అదే చేను, అదే రైతు. మొదట్లో ఆశతో మాట్లాడినాయన తరువాత ఏమంటున్నాడో అదే గట్టు మీద నిలబెట్టి తీశారు. రైతు బిడ్డకు పంట ఒక్క రోజు సంగతి కాదని తెలుసు కాబట్టి బొమ్మా ఒక్క రోజుది కాలేదు. బీటీ పత్తి మీద వరంగల్ రైతులకు కోపమెందుకు అనే అర్థమొచ్చే పేరుతో 2003లో ఆ సినిమా వచ్చింది. 2005లో మూడేళ్ల అనుభవం కలిపి ఇంకొకటి తీశారు. అదే 2005లో, మొదట అనుమతి పొందిన మెక్ 12, మెక్ 162, మెక్ 184 అనే మూడు రకాలకు అప్పటి ఉమ్మడి రాష్ట్రంలో అనుమతి పొడిగించలేదు. 2007 నాటికి ఆఫ్రికా పత్తి రైతుల మాట కూడా వీళ్ల సినిమాలోకి వచ్చింది. జహీరాబాద్ చేలల్లో కూలి చేసిన ఆడవాళ్లు ఖండం దాటి ఇంకో పల్లె గట్టు మీద కెమెరా పెట్టారు.

ఆ సినిమాలు పత్తిని ఆపలేదు. కొత్త రకాలు వచ్చాయి, కొన్నేళ్లకు దేశంలో పత్తి వేసే నేలలో 90 శాతానికి పైగా బీటీయే పరుచుకుంది. దాని లాభనష్టాల మీద శాస్త్రవేత్తలు ఇంకా వాదించుకుంటూనే ఉన్నారు. ఆ వాదన తేల్చేంత చదువు నాది కాదు. కానీ ఆ తొలి సీజన్లలో ఫలానా నెలలో ఫలానా చేను ఎట్లా ఉందో, ఆ చేను మనిషి ఏమన్నాడో అనేదానికి సాక్ష్యం ఎవరి దగ్గర ఉందంటే వీళ్ల టేపుల దగ్గర ఉంది. సినిమా గెలిచిందా ఓడిందా అని అడిగేవాళ్లకు నేను ఇదే చెబుతాను. సాక్షి పని కేసు గెలవడం కాదు, చూసింది చూసినట్టు నిలబడి చెప్పడం.

రేడియో సంగతి చెప్పకపోతే, ఈ ఆడవాళ్లలో కెమెరా పట్టిన హుమ్నాపూర్ లక్ష్మమ్మ గారి సంగతి చెప్పి, రేడియో నడిపిన జనరల్ నర్సమ్మ, ఆల్గోల్ నర్సమ్మ గార్ల గొంతు సంగతి వదిలేసినట్టవుతుంది. 1998లో యునెస్కో సాయంతో మాచ్నూర్‌లో స్టూడియో వచ్చింది. కానీ గాలిలోకి మాట వదలడానికి లైసెన్సు లేదు. 1995 ఫిబ్రవరి 9నే సుప్రీంకోర్టు గాలి తరంగాలు ప్రజల ఆస్తి అని తీర్పు చెప్పింది. ఆ తీర్పు ఈ పల్లె దాకా రావడానికి పదమూడేళ్లు పట్టింది. అంతదాకా వీళ్లు ఊరికే కూర్చోలేదు. కార్యక్రమాలు రికార్డు చేసి, క్యాసెట్లు మోసుకుపోయి సంఘాల్లో వేసి వినిపించారు. 2006 చివర ప్రభుత్వం తన విధానం మార్చింది. 2008 అక్టోబర్ 15న, గ్రామీణ మహిళల దినం నాడు, 90.4 మీద సంఘం రేడియో మొదలైంది. ప్రారంభించడానికి వచ్చింది ఎవరనుకున్నారు? ఆ 1995 తీర్పు రాసిన జస్టిస్ పి.బి. సావంత్ గారే. తాను రాసిన వాక్యం ఒక ఊరి గొంతుగా మారి వినిపించడం చూసే భాగ్యం ఎంతమంది న్యాయమూర్తులకు దక్కింది! నాకు తెలిసి ఆ రోజు గురించి సరైన సినిమా రాలేదు, రావాల్సింది.

రేడియో మాటలో ఎత్తుపల్లాలు లేవని నాకొకప్పుడు అనిపించేది. కెమెరాకు ఎత్తు ఉంటుంది, మైకుకు ఏం ఉంటుంది? తరువాత అర్థమైంది, మైకుకు భాష ఉంటుంది. రేడియోలో మనం వినే తెలుగు ఎప్పుడూ అరుగు మీది తెలుగే. "పోతున్నం", "జేసినం", "గట్లనే" అని మాట్లాడితే అనౌన్సరు ఉద్యోగం రాని రోజులు మీకు గుర్తుండే ఉంటాయి. సంఘం రేడియో ఇంట్లో మాట్లాడే మాటనే గాలిలో పెట్టింది. అది కూడా సంఘం షాటే.

ఇంత చెప్పాక, నాకు తీరని ప్రశ్న ఒకటి ఉంది. దాన్ని దాచిపెడితే సతీష్ గారి పేరు మీద మాట్లాడే అర్హత నాకు లేదు. ఊరి మనిషి చేతికి కెమెరా ఇస్తే అన్నీ సమమైపోతాయా? కెమెరా పట్టిన మనిషి ఊళ్లో మిగతావాళ్లలా ఉండదు. ఆమె జీతం వేరు, ప్రయాణాలు వేరు, ఆమెను అడిగేవాళ్లు వేరు. ఏది తీయాలో సంస్థకు ఒక అభిప్రాయం ఉంటుంది. సంఘంలో లేని ఇళ్ల మాట, తండా మాట, చెరుకు వేసి బాగుపడ్డానని చెప్పే పెద్ద రైతు మాట, పత్తి వేసి లాభం చూశానన్నవాడి మాట ఆ బొమ్మల్లో ఎంత ఉంది? సంఘం షాట్‌కూ ఒక ఎత్తు ఉంది, అది చాప ఎత్తు. చాప మీద చోటు దొరకనివాళ్లకు అది కూడా ఎత్తే. ఈ మాట నేను తప్పుపట్టడానికి అనడం లేదు. వాళ్లు మాకు నేర్పిన కొలతతోనే వాళ్ల పనినీ కొలుస్తున్నాను. అట్లా కొలవనిస్తేనే ఆ కొలత బతుకుతుంది.

ఇప్పుడు ఈ సభలో కనీసం వంద కెమెరాలున్నాయి. ప్రతి జేబులో ఒకటి. జనవరిలో పాత పంటల జాతర ఎడ్లబండ్లు ఊళ్లోకి వచ్చినప్పుడు వాటి ముందు ఎంతమంది పిల్లలు ఫోన్లు పట్టుకుని నిలబడతారో మీరు చూశారు. ఆ పిల్లలకు ఒక్క మాట. గింజలు తీయండి, బండి తీయండి, డప్పు తీయండి. బండి మీది కుండలో ఉన్నది ఏ రకం జొన్నో ఆ కుండ తెచ్చినామెను అడగండి. ఆమె పేరు అడగండి, ఆమె చెప్పినట్టే రాసుకోండి. తీసింది ముందు ఆమెకు చూపించండి. ఆమె వద్దంటే తీసేయండి. ఈ ఒక్క పని నేను 1998లో చేసి ఉంటే ఆ చీర మార్చినందుకు ఆ సాయంత్రమే ఆమె నన్ను నాలుగు మాటలు అనేది, నేను దిద్దుకునేవాణ్ని.

టేపులు కూడా పంటలాగే, కాలం మీద కాపాడకపోతే పాడవుతాయి. 1990ల క్యాసెట్ల మీద పూత రాలిపోతుంది, వాటిని ఆడించే యంత్రాలు కూడా దొరకడం కష్టమైంది. జహీరాబాద్ చుట్టూ తీసిన ప్రతి గంట బొమ్మనూ, అది సంఘం తీసినా, దూరదర్శన్ తీసినా, నాలాంటివాడు తీసినా, కంప్యూటర్లోకి ఎక్కించి ఏ ఊరి బొమ్మ ఆ ఊరి బడిలో ఒక ప్రతి ఉంచాలి. విత్తనం ఒక్కచోటే దాస్తే పోతుందని, పది ఇళ్లలో పంచి దాచాలని మీ ఇళ్లలో పెద్దవాళ్లు అంటారు కదా. ఐక్యరాజ్యసమితి 2023ను చిరుధాన్యాల సంవత్సరం అన్నది. ఆ ఏడాదే సతీష్ గారు పోయారు. గింజకు ఆ గౌరవం దక్కడం ఆయన సగమే చూశారు. బొమ్మల సంగతి మనం చూడాలి.

నా వంతు నేను తెచ్చాను. ఆ 1998 సినిమా నా దగ్గర మిగిలిన ఒక్క క్యాసెట్ నుంచి ఎక్కించి తెచ్చాను, 26 నిమిషాలు. ఎడిటింగ్‌లో తీసేసిన భాగాలు కూడా వెతికాను. అందులో మొదటి రోజు పరీక్ష కోసం ఆడించి, ఆపడం మరిచిన కెమెరాలో పదకొండు సెకన్లు ఉన్నాయి. ఆకుపచ్చ చీరలో ఆమె గడప దగ్గర నిలబడి, ఎవరినో పిలుస్తోంది, నవ్వుతోంది. కెమెరా ఆడుతోందని అప్పుడు ఆమెకూ తెలియదు, మాకూ తెలియదు. స్టాండు ఇంకా విప్పలేదు, చేతిలోనే ఉంది. ఆ పదకొండు సెకన్లను సినిమా ముందు అతికించాను. ఆమె పోయి తొమ్మిదేళ్లయిందట. ఆమె మనవరాలు ఇక్కడే ఉంది, రెండో వరసలో. నిన్న సాయంత్రం వాళ్లింటికి పోయి ముందుగా ఆమెకు చూపించాను. పదకొండు సెకన్లు ఎనిమిదిసార్లు వేయించుకుంది. మిగతా సినిమా వేయాలా వద్దా అని అడిగాను. వేయి సారూ, కానీ నాయనమ్మ పేరు తప్పు పడ్డది, దిద్ది వేయి అన్నది. రాత్రి కూర్చుని దిద్దాను.

బడి గోడకు తెల్ల గుడ్డ కట్టారు. ఆ లైటు ఎవరైనా ఆర్పండి.